నీళ్ళు వచ్చాయండి

చైనా చక్రవర్తుల కాలంలో చట్టం ఎవరి కొమ్ము కాసిందన్నదే నా పరిశోధన. రాజమండ్రిలో కాలేజీ పిల్లలకు చరిత్ర చెబుతూ, ఆ పాత తీర్పుల మీదే జుట్టు నెరిపించుకున్నాను. ఇంట్లో పెద్దవాళ్ళ మీద చిన్నవాళ్ళు ఫిర్యాదు చేస్తే, అది నిజమే అయినా, దెబ్బలు మాత్రం చిన్నవాళ్ళకే. ఒకసారి ఈ సంగతి చెబితే మా పెదనాన్న తొడ చరిచి, "అదీ చట్టమంటే!" అన్నాడు. నాకు ఒళ్ళు మండిపోయింది.

భీమవరం దగ్గర మా పొలాన్ని ఆనుకునే ఆయన రొయ్యల చెరువు. చెరువు ఖాళీ చేసినప్పుడల్లా ఆ ఉప్పునీళ్ళు మా పొలానికి నీరు పారే బోదెలోకి వదిలేస్తాడు. నాన్న పోయాక అమ్మకు మిగిలింది ఆ ఎకరమే, ఇంట్లో అన్నం ఆ వడ్లతోనే. వేసిన నారు వేసినట్టే మాడిపోతోంది. నేను పోరగా పోరగా అమ్మ అర్జీ మీద సంతకం పెట్టింది.

రెవెన్యూ ఆఫీసరు విచారణకు గట్టు మీదికే వచ్చారు. పెదనాన్న కూడా వచ్చి మీసం దువ్వుతూ నిలబడ్డాడు. అంతే! అమ్మ కొంగు భుజం నిండా కప్పుకుని నా వెనక్కి నక్కింది. బావగారి ఎదుట ఆవిడ కుర్చీలో కూర్చోగా నేనెన్నడూ చూడలేదు.

"ఉప్పునీళ్ళు ఎవరు వదిలారమ్మా?" అని ఆఫీసరు అడిగారు.

"నీళ్ళు వచ్చాయండి."

"వచ్చాయంటే ఏంటండి? ఎవరో ఒకరు వదలాలి కదా?"

"ఏమోనండి. వచ్చాయండి."

నీళ్ళకేమన్నా కాళ్ళున్నాయా! ఇక ఉండబట్టలేక, "మా పెదనాన్నగారే వదిలారండి, నేను కళ్ళారా చూశాను" అన్నాను.

"పొలం మీ అమ్మగారిది కదా మేడమ్. ఆవిడే చెప్పాలండి."

అమ్మ నోరు విప్పింది, ఆఫీసరుతో కాదు. "దాని మాటలు పట్టించుకోకండి బావగారూ. చిన్నపిల్ల, చదువెక్కువైంది." రిటైర్మెంటు దగ్గరపడిన చిన్నపిల్లని! ఆఫీసరు ఊట నీరని రాసుకుని జీపెక్కారు.

దారి పొడుగునా అమ్మను దులిపేశాను. "ఆ చైనా చట్టం కూడా, పెదనాన్న వరసవాడు ఆస్తి కాజేస్తే ఫిర్యాదు చేసుకోమందమ్మా! నువ్వు దాన్ని కూడా మించిపోయావు."

"నీ చైనా గోల నాకెందుకే! రేపు మంచికైనా చెడుకైనా ముందు నిలబడాల్సింది ఆయనేగా" అంది.

సాయంత్రం పెదనాన్న ఇంటినుంచి గిన్నెడు రొయ్యలొచ్చాయి. "చూశావా, మనసులో ఏమీ పెట్టుకోలేదు" అని అమ్మ మురిసిపోయింది. నేను ముట్టలేదు. ఆవిడే వండుకుని తిని, గిన్నె తోమింది. ఉత్త గిన్నె తిప్పి పంపకూడదు కదా మరి! అందులో బియ్యం పోసి, ఇచ్చి రమ్మని నా చేతికిచ్చింది.

నేను గుమ్మం దిగుతుంటే వెనకనుంచి పిలిచి, గొంతు తగ్గించింది.

"అవి కొట్లో కొన్న బియ్యమని మాత్రం అనకే. బావగారు నొచ్చుకుంటారు."