చెవిలో మూడు పిలుపులు

నేను పుట్టు పిరికివాణ్ణి. చావు జరిగిన ఇంటి ముందు నుంచి నడవాల్సి వస్తే చుట్టు తిరిగి పోయే రకం. అలాంటివాడికి గల్ఫ్‌లో ఇబ్రి దగ్గర రోడ్డు పనిలో దొరికిన స్నేహితుడేమో సమాధుల కబుర్లు చెప్పే సర్వేయరు. పాలస్తీనావాడు. గల్ఫ్ యుద్ధం తర్వాత కువైట్‌లో పని పోయి మా కంపెనీలో చేరాడు. మేం కొండను తొలుస్తుంటే చూసి, తన ఊరి కొండల్లో కూడా ఇలా తొలిచిన రాతిగదులు ఉన్నాయనేవాడు. పాతకాలపు యూదుల సమాధులట.

శవాన్ని గుడ్డలో చుట్టి లోపల రాతి అరుగు మీద పడుకోబెట్టి, గుమ్మానికి బండ అడ్డం పెట్టేవారట. ఏడాది తర్వాత కొడుకు వెళ్ళి ఎముకలు ఏరి చిన్న రాతిపెట్టెలో సర్దేవాడట. వింటుంటే నా చేతిలో చాయ్ చల్లారిపోయేది. అన్నిటికంటే భయపెట్టింది ఇంకొకటి. పోయినవాడు నిజంగా పోయాడో లేదోనని మొదటి మూడు రోజులూ అయినవాళ్ళు వెళ్ళి చూసి వచ్చేవారట. ఒకడు అలా బతికి బయటపడ్డాడని కూడా చెప్పుకునేవారట.

మాకూ ఉంది అన్నాను, పౌరుషంగా. పాడెను దారిలో దింపి, కొడుకో దగ్గరివాడో చెవిలో మూడుసార్లు పిలుస్తాడు, పలికితే ఇంటికి, లేకపోతే కాటికి, దాన్ని దింపుడు కల్లం అంటాం అని వివరించాను.

"మూడు పిలుపులేనా?" అన్నాడు హిందీలో. ఆయన మామూలుగానే అడిగాడు. నాకే ఆ పూట అన్నం సహించలేదు.

ఆ ఎండాకాలంలోనే ఒక మధ్యాహ్నం సైట్ మీద మా బావ కూలిపోయాడు. మా అక్క భర్త, నన్ను వెంటబెట్టుకుని ఆ దేశం తెచ్చినవాడు. ఒళ్ళు పెనంలా కాలుతోంది, చెమట చుక్క లేదు, కళ్ళు తేలేశాడు. నాడి పట్టుకుంటే నాకేమీ తెలియలేదు. పికప్ వెనక ఎక్కించి తల నా ఒళ్ళో పెట్టుకున్నాను. మా పక్క ఊరి కాక కాళ్ళ దగ్గర కూర్చున్నాడు. కడప డ్రైవర్ భాయ్ ఆసుపత్రి వైపు బండి ఉరికించాడు.

సగం దారిలో కాక బావ ముక్కు దగ్గర వేలు పెట్టి చూశాడు.

"కొడుకా, పానం వోయింది. బండి ఆపుమను. దింపుదాం, చెవుల పిలువు."

"యాడ ఆపేది కాకా? పోయినాడని డాక్టర్ చెప్పల్ల, మనం గాదు" అని భాయ్ ముందు నుంచి అరిచాడు.

నా పై ప్రాణాలు పైనే పోయాయి. కాక పెద్దమనిషి, ఎన్నో పాడెలు మోసినవాడు. ఆయన మాట కాదనడం ఎలా? కానీ దించామంటే శవమని ఒప్పుకున్నట్టే. మూడుసార్లకు పలకకపోతే ఇక పిలవడానికి ఉండదు.

"ఆపకు భాయ్!" అని అరిచాను. సీసాలో నీళ్ళన్నీ బావ తల మీద పోస్తూ, దించకుండానే పిలవడం మొదలుపెట్టాను. బావా, బావా అని దారి పొడుగునా పిలిచాను. ఆసుపత్రి చేరేసరికి నాకు గొంతు పోయింది. బావను లోపలికి తీసుకెళ్ళి ఐసు ముక్కలు పరిచి తలుపు వేశారు. బయట నేను మొక్కని దేవుడు లేడు.

మర్నాడు సాయంత్రం బావకు మాట వచ్చింది. మంచానికి ఆ పక్కన కాక ఉన్నాడు, ఈ పక్కన నేను. బావ ఇద్దర్నీ చూడకుండా పైకప్పు చూస్తూ అన్నాడు.

"అన్నీ ఇనవడ్డయ్‌రా. కాక దింపుమన్నది, నువ్వు ఒర్రింది, అన్నీ. పలుకుదామంటె నాలుక తిరగలే. ఊళ్ళె అయితే దింపుదురు గదా. మూడుసార్లు పిలిచి ఎత్తుకపోయెటోళ్ళే గదరా?"

కాక మంచం కమ్మీ గట్టిగా పట్టుకున్నాడు.

"మా నాయినను నేను మూడేసార్లు పిలిచిన" అన్నాడు.