కొలువెక్కిన బొమ్మ

మా నాయనకు మఠమంటే ప్రాణం. నగర్తపేటలో జరీ అంగడి పెట్టుకుని బతికే మనిషి, ఊరి బయట మఠంవారి బడిలో తన ఒక్కగానొక్క కొడుకు ఉండి శ్లోకాలు నేర్చుకుంటున్నాడని అందరితో చెప్పుకుని మురిసిపోయేవాడు. యుద్ధపు రోజులు. తిండిగింజలకే కటకటలాడే కాలంలో బిడ్డకు అన్నమూ చదువూ ఆ దేవుడే ఇస్తున్నాడని ఆయన నమ్మకం. ఏం నమ్మకమో, తలచుకుంటే నాకిప్పటికీ ఒళ్ళు మండుతుంది.

ఆ వేసవిలో తమ్ముడు ఇంటికొచ్చినప్పుడు వాడి మణికట్ల చుట్టూ తాడు ఒరుసుకున్న పుండ్లు కనిపించాయి. పాఠం తప్పితే కోదండం వేస్తారట. చేతులు రెండూ కట్టి దూలానికి వేలాడదీయడమన్నమాట. వాడు అక్కతో చెప్పాడు, అక్క నాయనతో చెప్పింది.

"గురువు దండించకుంటే చదువు వస్తుందామ్మా? అందరం అట్లే చదివినాము" అని నాయన వాణ్ణి మళ్ళీ అక్కడే దిగబెట్టి వచ్చాడు.

దసరాకు మా ఇంట బొమ్మల కొలువు పెట్టడం వాడుక. ఆ ఏడు అంగళ్ళలో కొత్త బొమ్మలు లేవు. తానే చేస్తానని అక్క కుమ్మరుల దగ్గర మట్టి తెచ్చుకుంది. నాయన సంతోషించాడు కూడా. పాడ్యమినాడు కలశం పెట్టి, హారతి ఇచ్చాక, కింది మెట్టు మీద కప్పిన గుడ్డ తీసింది. బెత్తం పట్టిన గురువు. తలలు వంచుకున్న పిల్లలు. మధ్యలో దూలానికి వేలాడుతున్న పిల్లవాడు. వెనకాల మఠం గోపురం, ఎవరూ పొరబడకుండా.

నాయన ముఖం నల్లబడింది. "తీసెయ్ దాన్ని" అన్నాడు.

"హారతి అయిపోయినాది నాయనా. కొలువెక్కిన బొమ్మను దశమి దాకా కదిలిస్తే ఇంటికి అరిష్టమని నువ్వే కదా చెప్తావు" అంది అక్క నెమ్మదిగా.

దేవుడికి భయపడే మనిషి. చాచిన చెయ్యి వెనక్కి తీసుకున్నాడు.

పేరంటానికి పేటలోని ఆడవాళ్ళంతా వచ్చారు. పాడదామని కూర్చున్నవాళ్ళు లేచి కింది మెట్టు దగ్గర మూగారు. ఒకామె ఆ బొమ్మ ముందు చతికిలబడి, "మా వాని చేతులపైనా ఇట్లే మచ్చలుండాయమ్మా. బావి తాడు కోసుకునిందని చెప్పినాడు" అని కొంగు నోట్లో కుక్కుకుంది. మరునాటి నుంచి ఒక్కొక్కరే వెళ్ళి తమ పిల్లల్ని తెచ్చుకున్నారు. మా నాయన మాత్రం కదల్లేదు. కొడుకును తెస్తే మఠం మీద నింద నిజమని ఒప్పుకున్నట్టవుతుందట. అమ్మ ఏడ్చి కాళ్ళు పట్టుకుంటే "పండగ కానీ, చూస్తాం" అన్నాడు.

దశమినాడు మఠంవాళ్ళే తమ్ముణ్ణి బండిలో పంపేశారు. బొమ్మ ఏ ఇంటిదో వాళ్ళ చెవిన పడింది. కసి తీర్చుకోవడానికి వాళ్ళ చేతిలో మిగిలినవాడు మావాడొక్కడే. భుజం కీలు తప్పి చెయ్యి వాలిపోయింది, ఒళ్ళు పెనంలా కాలిపోతోంది. వాడు నేరుగా కొలువు దగ్గరికి పోయి నిలబడ్డాడు.

"ఈ బొమ్మ కాళ్ళు నేలకు ఆనుతా ఉండాయి కదక్కా. ఇంకా పైకి కడతారు" అన్నాడు.

అక్క వాణ్ణి పట్టుకుని బావురుమంది. నాయన గోడకు ఆనుకుని కూలబడి, "ఇట్ల రాప్పా, నా దగ్గరికి రా" అని చేతులు చాచాడు. తమ్ముడు అక్క వెనక్కి జరిగాడు. నాయన కన్నుమూసేదాకా పిలుస్తూనే ఉన్నాడు. వాడు ఏనాడూ ఆయన చేతికందేంత దగ్గరికి పోలేదు.