చాటెడు తౌడు బేరం

మా మేడ మీద గదిలో కిరాయికి దిగిన నైజీరియా విద్యార్థి పేరు కొకుమో. కాలనీ పిల్లలు ఆ పేరు మీద పాట కట్టి మెట్ల కింద నిలబడి అరుస్తుంటే నాకు ఒళ్ళు మండి చీపురు తీసుకుని తరిమాను. ఆ సాయంత్రం అతను కిందికి వచ్చి, వచ్చీరాని తెలుగులో తన పేరుకు అర్థం చెప్పాడు. యొరూబా భాషలో "ఇక చావడు" అనట. అతనికి ముందు పుట్టినవాళ్ళు పుట్టినట్టే పోయారు. పోయిన బిడ్డే మళ్ళీ మళ్ళీ వచ్చి తల్లిని ఏడిపించి పోతుందని వాళ్ళవైపు పాతకాలపు నమ్మకం. అలాంటి బిడ్డను అబికు అంటారు. ఆ బిడ్డను ఆపడానికి కొందరు బతిమాలే పేరు పెడతారు, కొందరు గద్దించే పేరు పెడతారు, మరికొందరు చెత్తదిబ్బ అని అర్థం వచ్చే పేరు కూడా పెడతారట. అది వినగానే నాకు నవ్వొచ్చింది. "మీ పేరేంటి ఆంటీ?" అని అడిగాడు. "ఆ చెత్తదిబ్బే నాయనా" అన్నాను.

నా పేరు పెంటమ్మ. ఆత్మకూరు దగ్గర మా ఊళ్ళో నాకు ముందు పుట్టిన అన్నలిద్దరూ పురిట్లోనే పోయారు. నేను పుట్టగానే మా అవ్వ, అంటే నాయిన వాళ్ళ అమ్మ, నన్ను చాటలో వేసుకుపోయి ఇంటి వెనక పెంటకుప్ప మీద పడుకోబెట్టింది. ఎవరో ఒకరు "పారేసిన పిల్ల" అని ఎత్తుకోవాలి, తల్లి ఆ పిల్లను చాటెడు తౌడిచ్చి కొనుక్కోవాలి. అప్పుడు చావు వచ్చి చూసి, తౌడు ఖరీదు చేసే పెంట మీది సరుకు మనకెందుకని మూతి తిప్పుకుని పోతుంది. మామూలుగా పక్కింటావిడెవరో ఎత్తుకుంటుంది. మా అవ్వ తెలివి వేరు. ప్రేమగా ఎత్తుకుంటే చావుకు అనుమానం వస్తుందని, ఊరంతటిలో మా అమ్మంటే బొత్తిగా గిట్టని మనిషిని వెతికింది. ఎంతో దూరం పోనక్కర్లేకపోయింది. ఆ మనిషి ఆమె సొంత కూతురే, మా మేనత్త. ఆమే నన్ను ఎత్తుకుని, పెంటమ్మ అని పేరు పెట్టి, చాటెడు తౌడుకు అమ్మకు అమ్మింది.

మేనత్త మొగుడు పోయి పుట్టింటికి వచ్చి, అదే వాకిట్లో ఇంకో భాగంలో ఉండేది. ఆమెకూ అమ్మకూ మధ్య పచ్చగడ్డి వేస్తే భగ్గుమనేది. రెండో అన్న పోయినప్పుడు ఏడవడానికి వచ్చిన వాళ్ళందరి ముందు "దాని కడుపే మంచిది కాదు" అందట. ఆ మాట అమ్మ ఎన్నటికీ మరిచిపోలేదు, నేను పుట్టకముందటి మాటే అయినా నేనూ మరిచిపోలేదు. నన్ను ఆమె "పెంటా" అని పిలిచేది, చివర అమ్మ అని చేర్చడం కూడా దండగ అన్నట్టు. పండక్కి కొత్త లంగా కట్టుకుంటే "పెంట మీద పట్టు పరిచిన్రు" అనేది. జ్వరమొచ్చి నేను మూలుగుతుంటే అమ్మ దేవుళ్ళకు మొక్కేది, ఈమె వాకిట్లోంచి "దానికేమైతది? పెంటకు గుడ చీడ పడ్తదా?" అని అరిచేది. ఆమె చేతి జొన్నరొట్టె ఎంత మెత్తగా ఉండేదో చెప్పవచ్చు గానీ, నాకు చెప్పబుద్ధి కావడం లేదు.

బడిలో మగపిల్లలు ఎరువు బండి పోతుంటే నన్ను ఎక్కమనేవాళ్ళు. పదో తరగతిలో సారు, సర్టిఫికెట్లో పడితే ఇక పేరు మారదు, మార్చుకుంటే ఇప్పుడే మార్చుకొమ్మన్నాడు. పద్మజ అని పెట్టుకుంటానని ఇంట్లో అన్నం మానేశాను. అమ్మ భయపడింది, ఏడ్చింది, చివరికి "పో, గట్లనే పెట్టుకో" అంది. గోడ అవతల మేనత్త విన్నది. పొద్దున్నే చాటెడు తౌడు తెచ్చి మా గడప మీద కుమ్మరించింది.

"గిదో నీ తౌడు. నేను పెట్టిన పేరు వద్దంటే నా బేరం గుడ వద్దు. నా పిల్లను నాకియ్యి" అంది.

అమ్మ ముఖం పాలిపోయింది. ఆ తౌడు మా ఇంట్లోకి వస్తే బేరం చెడినట్టు. బేరం చెడితే నేను మళ్ళీ పెంటకుప్ప మీదికి, చావు కళ్ళ ముందుకు పోయినట్టు. అందుకే అమ్మ దాన్ని ఎత్తలేదు, ఊడవలేదు. నాయిన గడప లోపలే నిలబడి, దాటడానికి ధైర్యం చాలక, బీడీ వెలిగించుకున్నాడు. అమ్మ ఉన్నట్టుండి పెరటి తలుపులోంచి పరుగెత్తి, మేనత్త కొట్టంలోంచి ఆమె బర్రెను విప్పుకొచ్చి గడప ముందు నిలబెట్టింది. బర్రెకు ఈ పంచాయితీలు తెలియవు. తౌడంతా తిని, గడప కూడా నాకింది.

"నీ తౌడు నీ బర్రె తిన్నది, వదినె. నీదే నీకు ముట్టింది. పిల్ల నాదే" అంది అమ్మ రొప్పుతూ.

మేనత్త బర్రెను చూసింది, నన్ను చూసింది. "గట్లనా? బేరం నిలిచిందన్నట్టేనా?"

"నిలిచింది!"

"మరి బేరం నిలిస్తే పేరు గుడ నిలిచినట్టే గదనే" అని బర్రెను లాక్కుని పోయింది.

అమ్మ గెలిచి ఓడిపోయింది. నేను కాళ్ళావేళ్ళా పడ్డా ఇక పేరు మార్చనివ్వలేదు. పాలమూరు కాలేజీలో హాజరు పిలిచిన ప్రతిసారీ క్లాసు నవ్వేది, నేను లేచి నిలబడి లోలోపల ఇద్దరినీ తిట్టుకునేదాన్ని.

1990లలో మేనత్త పోయింది. నేను ఏడవలేదు. అమ్మ మాత్రం గుండెలు బాదుకుని ఏడ్చింది, అందుకు నాకు ఇంకా కోపం. "గామె ఒక్కనాడన్న నిన్ను ప్రేమగ పిలిచి ఉంటె నువ్వు నాకు దక్కకపోదువు, బిడ్డా. తెలిసే తిట్టింది" అంది. నేను నమ్మలేదు. ఇప్పటికీ నమ్మను. ఆమెది పుట్టుబుద్ధి.

కొకుమో అంతా విని, మీ అత్త బాగా పనిచేసిందన్నాడు. వాడి కిరాయి పెంచాలనిపించింది. అవ్వ పోయింది, మేనత్త పోయింది, అమ్మా పోయింది. చావు ముగ్గురినీ పిలుచుకుపోయి, నన్ను "పెంటా" అని తిట్టే గొంతు ఒక్కటీ మిగల్చకుండా, ఈ పెంట మనకెందుకని మూతి తిప్పుకుని నన్ను మాత్రం ఇక్కడే వదిలేసింది.