కుక్కకు మా ఆవిడ చెప్పిన మాటలు

కంప్యూటర్లు రెండువేల సంవత్సరంలోకి క్షేమంగా దాటాలని ఆఫీసులో మేమంతా పాత ప్రోగ్రాములు దిద్దుతున్న రోజులవి. ఆస్ట్రేలియాలో, సిడ్నీ శివారు గిరావీన్‌లో అద్దెకుండేవాళ్లం. కొత్తగా కాపురానికి వచ్చిన నా భార్యకు ఇంగ్లీషు రాదు. వీడియోలు చూసి నేర్చుకోమని లైబ్రరీ కార్డు చేతికిచ్చాను. ఆమె సినిమాలకింకా మాటలు రాని కాలపు హాస్యచిత్రాలు తెచ్చుకుంది. అన్నిట్లోనూ కుక్కలే హీరోలు.

ఒక కుక్క లావుపాటి పోలీసు ప్యాంటు పట్టుకుని వదిలేది కాదు. మా ఆవిడ దానికి గుంటూరు మాటలు పెట్టేది. "ఏం బావగారూ, అన్నం తినకుండా ఎక్కడికండీ పరుగు? మా అక్కకేం చెప్పమంటారు?"

పక్కింట్లో మాల్టా నుంచి వచ్చిన ముసలావిడ ఉండేది. తెలుగు ఒక్క ముక్క రాకపోయినా రోజూ వచ్చి కూర్చుని, కళ్లు తుడుచుకునేదాకా నవ్వేది. ఆ ఊళ్లో మా ఆవిడకున్న స్నేహమల్లా అదొక్కటే. ఆ సంగతి నాకు తెలుసు.

ఒక శనివారం మా మేనేజర్‌నీ, ఇద్దరు తెలుగు సహోద్యోగులనూ భోజనానికి పిలిచాను. కాంట్రాక్టు ఉద్యోగం పర్మనెంటు అవుతుందని ఆశ. కుక్క సంగతి ఆఫీసులో నేనే వేళాకోళంగా చెప్పి ఉన్నాను. "వదినా, మీ కుక్క తెలుగు మాట్లాడుతుందటగా, మాకూ వినిపించండి" అన్నాడు ఒకతను. ఆమె సిగ్గుపడుతూనే క్యాసెట్టు పెట్టింది. అందరూ నవ్వారు, తెలుగు రాని మేనేజర్ కూడా. ఆయన మమ్మల్ని చూసి నవ్వుతున్నాడనుకున్నాను.

"కుక్కకి మాటలు నేర్పింది చాల్లే. ముందు నువ్వు ఇంగ్లీషు నేర్చుకో" అన్నాను.

మేనేజర్‌కు తప్ప అందరికీ అర్థమైంది. ఆమె టీవీ ఆపి, పెరుగు తేవడానికి లేచింది.

ఆ తరవాతా ముసలావిడ వచ్చేది. బొమ్మ ఆడేది. మా ఆవిడ మాత్రం నోరు విప్పేది కాదు. ముసలావిడ కాసేపు తెర వంక, కాసేపు ఆమె వంక చూసేదట. కొన్నాళ్లకు రావడం మానేసింది.

జనవరి వచ్చింది. ఏ కంప్యూటరూ ఆగలేదు. నా ఉద్యోగం పర్మనెంటయింది. ఆ సాయంత్రం నేనే లైబ్రరీకి వెళ్లి ఆ సినిమా తెచ్చాను. తప్పు నాదేనన్నాను. ఒక్కసారి కుక్క చేత మాట్లాడించమని బతిమాలాను. ఆమె పలకకపోతే నేనే గొంతు మార్చి ఏదో అనబోయి, మధ్యలో ఆగిపోయాను.

ఆమె మొహంలో కోపమేమీ లేదు. అది మాటల్లేని సినిమా అని, మెల్లగా, ఎక్కడా తప్పు లేకుండా, ఇంగ్లీషులో చెప్పింది.