ఇద్దరు కోటేశ్వరమ్మలు

ఇవాళ మా పాప స్కూలు డైరీలో ‘గైర్హాజరు’ అని రాసి ఉంది. పొద్దున నేనే తరగతిలో కూర్చోబెట్టి వచ్చాను. ఫోన్ చేస్తే టీచరు నవ్వింది. “పేరు పిలిస్తే పలకలేదండీ. ఇంట్లో ఏమని పిలుస్తారేంటి?” చిట్టి అని చెప్పాను. పిల్ల నిద్రపోయింది గానీ నాకు పట్టడం లేదు. చిన్నత్త గుర్తుకొస్తోంది.

చిన్నత్త మా నాన్న చెల్లెలు. ప్రత్తిపాడు దగ్గర పల్లెలో ఇచ్చారు. ఆమె పేరు కోటేశ్వరమ్మ, అత్తగారి పేరూ అదే. కన్నతల్లి పేరు పెట్టి పెళ్ళాన్ని ఎవరైనా కేకేస్తారా? కాపురానికి వెళ్ళిన రోజే ఆమెను లక్ష్మిని చేసేశారు. మా ఇంట్లో ఎటూ చిన్నమ్మాయే. అసలు పేరు రేషన్ కార్డులో తప్ప ఎవరి నోటా లేకుండా పోయింది. మామయ్య పోయాక అత్తగారు ఈమెను పుట్టింటికి పంపేసి, రెండేళ్ళ కూతుర్ని మాత్రం ఉంచేసుకుంది. బిడ్డను ఇప్పించమని చిన్నత్త గుంటూరు కోర్టులో పిటిషన్ వేసింది.

తొంభైల చివర్లో, నేను డిగ్రీ చదివే రోజులవి. నాన్నకు మిరపకోతలు; చదువుకున్నదాన్నని ఒక వాయిదాకు నన్ను తోడు పంపారు. అంతకుముందు అన్ని వాయిదాలకూ వకీలు గారే పలికేవారు. ఆ రోజు ఆయనకు ఇంకో హాల్లో పని పడింది. “పిలిస్తే ఉన్నానండీ అని లోపలికెళ్ళమ్మా, ఈలోపు వచ్చేస్తా” అని వెళ్ళారు. బయట ఎండుమిర్చి లారీ ఏదో ఆగినట్టుంది, వరండా అంతా తుమ్ములు. ఆ తుమ్ముల్లోనే బంట్రోతు గుమ్మంలోకొచ్చి అరిచాడు. “కోటేశ్వరమ్మా! కోటేశ్వరమ్మా! కోటేశ్వరమ్మా!”

చిన్నత్త నా మోచెయ్యి గిల్లింది. “మా అత్తని పిలుస్తున్నాడే. చూశావా, ముసల్దానికి భయమేసి రాలేదు!”

“మంచిదేగా అత్తా” అన్నాను. ఇద్దరం నవ్వుకున్నాం కూడా. మళ్ళీ మూడుసార్లు అదే పేరు పిలిచాడు. ఆమెకు ఇంకా సంతోషం.

వకీలు గారు పరుగున వచ్చి లోపలికి వెళ్ళి, అంతే వేగంగా బయటికొచ్చారు. “ఎక్కడికెళ్ళావమ్మా? రెండు పక్షాలూ రాలేదని కేసు డిఫాల్టులో కొట్టేశారు!”

“నేనిక్కడే ఉన్నాను కదండీ. పిలిచింది మా అత్తని గదా?”

“మొదట పిలిచింది నిన్నే తల్లీ. రెండోసారి ఆవిణ్ణి.”

చిన్నత్త అసలు పేరు తెలిసినదాన్ని, పక్కనే కూర్చున్నదాన్ని, నాకూ తట్టలేదు. పైగా నవ్వాను.

ఆ పిటిషన్ తిరిగి తెరిపించడానికే ఎనిమిది నెలలు పట్టింది. చివరికి గెలిచింది కూడా. బిడ్డను అప్పగించిన రోజున ఆ పిల్ల చిన్నత్తను చూసి నానమ్మ కొంగు చాటుకు పోయింది. “అమ్మా, ఎవరీమె?” అని నానమ్మనే అడిగింది.

కోర్టువారు కేసుకు పాత నంబరే తిరిగి ఇచ్చారు. ఆ ఎనిమిది నెలలు మాత్రం ఏ పిటిషన్ పెడితే తిరిగొస్తాయో ఏ వకీలూ చెప్పలేకపోయారు.