షేక్ కంటే మాకు ఒక దేశం ఎక్కువ

ఈ రోజు అరాద్‌లో ఒక షేక్ ఆఫీసులో ఫోటోలు బిగించడానికి మా కంపెనీ నన్ను పంపింది. నేను కార్పెంటర్‌ని, ఉండేది సిత్రా లేబర్ క్యాంపులో. ఆ షేక్ ఇక్కడి రాజకుటుంబం మనిషి. నాలుగు దేశాల్లో నాలుగు ఫుట్‌బాల్ క్లబ్బులు కొన్నారట. ఒక్కో ఫోటోలో ఒక్కో రంగు జెర్సీ, పదకొండు మందీ భుజాల మీద చేతులేసుకుని నిలబడ్డారు.

నాలుగోది తగిలిస్తుంటే ఆయనే వచ్చి, వచ్చీరాని హిందీలో అడిగారు.

“నువ్వూ ఆడతావా భాయ్?”

“వాలీబాల్ ఆడేటోణ్ణి సార్. మా ఊర్ల ఆరుగురం, ఒక టీమ్ ఉండె.”

“ఇప్పుడు లేదా?”

“ఉన్నది సార్. ఇద్దరు సౌదీల, ఒకడు ఖతర్ల, ఒకడు కువైట్ల, ఒకడు దుబాయిల. నేనిక్కడ, మీ దేశంల.”

ఆయన వేళ్ల మీద లెక్కపెట్టి, “నాకంటే నీకే ఒక దేశం ఎక్కువ” అని నవ్వారు. నేనూ నవ్వాను.

ఆయన వెళ్లిపోయినా నిచ్చెన దిగబుద్ధి కాలేదు. ఆరుగురం కలిసి దిగిన ఫోటో మాకు ఒక్కటీ లేదు. ఒకడు ఊరికి చేరేసరికి ఇంకొకడి సెలవు అయిపోతుంది. పోయినసారి నేనొక్కణ్ణే గ్రౌండుకు పోయి, రెండు గుంజలకూ నెట్ కట్టి, కాసేపు చూసి, విప్పి తెచ్చుకున్నాను.

అరేయ్, మీ ఐదుగురూ ఏ నెలల సెలవు అడుగుతున్నరో కింద కామెంట్ల రాయుండ్రి. నేను గా నెలే అడుగుత. నెట్ మా ఇంట్లనే ఉన్నది.