నిచ్చెన మీద ఆగిపోయే మనిషి

డిస్క్ తిరగడం మొదలవగానే మా పాత ప్లేయర్ లోపల బియ్యం చెరుగుతున్నట్టు సన్నటి చప్పుడు వస్తుంది. ఈ సాయంత్రం అది విన్నాకే పాప పక్కన కూర్చోగలిగాను. పాపకు మళ్ళీ జ్వరం. దానికి నాలుగేళ్లు. పోయిన నెల ఇలాంటి జ్వరంలోనే ఒళ్ళు బిగుసుకుపోయి కళ్ళు తేలేసింది. ఈ వయసులో కొందరికి అలా అవుతుందని, భయపడొద్దని డాక్టరు అన్నారు. అప్పటినుంచి నేను భయపడని గంట లేదు.

పాప అడిగింది ఒక పాత నవ్వుల సీరియల్. మొన్నటిదాకా ఫోన్‌లోనే చూసేది. "ఫోన్ల అన్ని ఉండంగ ఆ డబ్బా ఎందుకే?" అని మా ఆయన అంటే సీడీల డబ్బాను అటకెక్కించాను. పోయిన వారం యాప్‌లో వెతికితే సీరియల్ లేదు. ఎందుకు తీసేశారని అడగడానికి ఒక మనిషంటూ లేడు. డబ్బా కిందికి దించాను. మూత మీద జుబేదా పెద్దమ్మ అంటించిన కాగితం అలాగే ఉంది: "కిరాయికి కాదు."

పెద్దమ్మ మాకు చుట్టం కాదు. వరంగల్‌లో మా పక్కిల్లు. ముందు గదిలో సీడీలు కిరాయికిచ్చే దుకాణం నడిపేది. బాపు ములుగు రూటులో బస్సు డ్రైవరు, అమ్మ బట్టల దుకాణంలో పనికి వెళ్ళేది. బడి విడిచాక నేను పెద్దమ్మ దగ్గరే ఉండేదాన్ని. నేనెంత పిరికిదాన్నంటే ఆ సీరియల్లో ఇంటి ఓనరు నిచ్చెనెక్కి, కిరాయిదారు గదిలోకి తొంగిచూస్తూ జారే చోటు రాగానే ఏడుస్తూ బయటికి పరిగెత్తేదాన్ని.

"ఓ పిరికి పిల్లా, అందరు నవ్వేకాడ నువ్వు ఏడుస్తవేందే? ఇటు రా. వాడు పడతడు, కింద గడ్డికుప్ప ఉంటది, లేసి పంచె దులుపుకుంటడు. గంతే. చెప్పిన గద, ఇగ చూడు."

ముగింపు తెలిశాక మొదటిసారి నవ్వాను. ఆ తర్వాత రోజూ అదే వేయమనేదాన్ని. సీడీని మెత్తటి నూలుగుడ్డతో నడుమ నుంచి అంచుకు నేరుగా తుడవాలని ఆమె ఎన్నోసార్లు చెప్పింది. ఒకరోజు సాయం చేద్దామని నా గౌను అంచుతో, పళ్లెం తుడిచినట్టు గుండ్రంగా రుద్దేశాను. గీత పడింది. అప్పటినుంచి ఓనరు జారి, కాసేపు గాలిలోనే ఆగిపోతాడు. పెద్దమ్మ తిట్టలేదు. "నీ పుణ్యాన వీడు ఇగ జల్దీ కింద పడడు" అని నవ్వింది.

ఒక వానాకాలం వాగులు పొంగి బాపు బస్సు రాలేదు. ఫోన్ కలవలేదు. అమ్మ బస్టాండుకు పరిగెత్తింది. "పెద్దమ్మా, బాపు వస్తడా?" అని అడిగాను. అన్నిటి ముగింపూ ఆమెకు తెలుసనే నా నమ్మకం. పెద్దమ్మ సీడీ తీసి, తుడిచి, కవర్లో పెట్టింది.

"సీడీల ఉన్నదైతే చెప్త గని, ఇది నాకు తెల్వదు బిడ్డా. నీకు అబద్ధం చెప్ప. మీ బాపు వచ్చేదాంక నీ పక్కన్నే కూసుంట."

కూర్చుంది. సీడీల కోసం ఎవరో వచ్చి తలుపు కొట్టినా లేవలేదు. మర్నాడు బాపు బురద కాళ్ళతో వచ్చేసరికి నా చెయ్యి ఆమె చేతిలోనే ఉంది.

దుకాణం మూసేసిననాడు ఈ డబ్బా, ప్లేయరు నా చేతిలో పెట్టింది. ఆమె పోయి రెండేళ్లు.

ఈ సాయంత్రం ఓనరు ఎప్పట్లాగే గాలిలో ఆగాడు. పాప నవ్వలేదు. నా వైపు తిరిగింది.

"అమ్మా, నాకు మల్ల గట్ల అయితదా?"

కాదు అనే మాట నోటిదాకా వచ్చింది. అంటే నాకే హాయిగా ఉండేది.

"నాకు తెల్వదు బిడ్డా. అయితే ఏం జెయ్యాల్నో డాక్టర్ చెప్పిండు. నేను నీ పక్కన్నే ఉంట."

పాప నా ముఖంలోకి చూసి, మళ్ళీ టీవీ వైపు తిరిగింది. "మరి ఈయన ఎప్పుడు పడతడు?"

"జర ఆగు. పడతడు. కింద గడ్డి ఉన్నది."

ఇప్పుడు పడుకుంది. ఒళ్ళు ఇంకా వెచ్చగానే ఉంది. కుడిచేత్తో ఇది రాస్తున్నాను. ఎడమచెయ్యి దాని నుదుటి మీది నుంచి తీయలేదు.